గోడలో పోయేదానికి డబ్బెందుకు?

ఇల్లు కట్టినవాడికి కట్టబోయేవాడు లోకువ కాబట్టి చెబుతున్నాను, వినండి. మా గృహప్రవేశానికి మూడొందల మంది వచ్చారు. టైల్సు తొక్కి చూశారు. హాల్లో జూమరు కింద నిలబడి ఫొటోలు దిగారు. వంటగది గ్రానైటు మీద చెయ్యి రాసి, గజం ఎంతని అడిగారు. "వైరు ఏ సైజు వేయించారు?" అన్న చుట్టం ఒక్కడు లేడు. గోడలో పూడ్చి, సిమెంటు మెత్తి, రంగు కొట్టేసే వస్తువు మీద డబ్బు పోయడం హుండీలో వేసినట్టే. హుండీలో వేస్తే పుణ్యమైనా వస్తుంది.

స్లాబు రోజున ఎలక్ట్రీషియన్‌ని పిలవకండి. కాంక్రీటు పడకముందే చువ్వల మధ్య పైపులు పరచాలనీ, ఫ్యాను బాక్సులు కట్టాలనీ గొడవ చేస్తాడు. మంచం ఎటు వేస్తారు, ఫ్రిజ్ ఎక్కడ పెడతారు అని అడుగుతాడు. కొనని మంచం గురించి ఏం చెబుతాం? తరవాత గోడలు కొట్టించుకోవచ్చు. మేం అదే చేశాం. ఒక పడకగదిలో ఫ్యాను సరిగ్గా బీరువా మీద తిరుగుతుంది. బట్టలకి మంచి గాలి.

ఇక వైరు. లైట్లకి 1.5, ప్లగ్గులకి 2.5, ఏసీకీ గీజరుకీ 4 చదరపు మిల్లీమీటర్లు అని కరెంటు మేస్త్రీ చీటీ రాసిచ్చాడు. ఇంటికంతా 1 తీసుకోండి, చవక. రంగుల పట్టింపు కూడా వద్దు. "మాస్టారూ, ఎరుపు ఫేజు, నలుపు న్యూట్రల్, ఆకుపచ్చ ఎర్తు" అని మావాడు మొత్తుకున్నాడు. కొత్తింట్లోకి నలుపేమిటయ్యా అన్నాను. 90 మీటర్ల చుట్టలు పది, అన్నీ ఎరుపే తెచ్చాను. ఆ మధ్య రిపేరుకి వచ్చిన కుర్రాడు ఒక బోర్డు విప్పి, లోపల పదకొండు ఎర్ర వైర్లు చూసి, మళ్ళీ బిగించేసి, మంచినీళ్ళు తాగి వెళ్ళిపోయాడు.

మా గీజరు 3000 వాట్లది. 230 వోల్టుల మీద 13 ఆంపియర్లు లాగుతుంది. సన్న వైరు వేడెక్కుతుందంటారు. ఎక్కనివ్వండి! ధనుర్మాసంలో స్నానాలగది పక్క గోడకి వీపు ఆనించి కూర్చుంటే కాపడం పెట్టినట్టుంటుంది. అదే లైను మీద వాషింగ్ మెషీను కూడా వేస్తే 16 ఆంపియర్ల ఎంసీబీ మాటిమాటికీ పడిపోయేది. "ఎంసీబీ కాపాడేది గీజరుని కాదు మాస్టారూ, వైరుని. వైరు ఎంత మోస్తే అంతే వెయ్యాలి" అన్నాడు మేస్త్రీ. నేను 32 వేయించాను. ఇంతవరకు పడలేదు. ఈ తెలివి మాకు వంశపారంపర్యం. ఫ్యూజు పోయినప్పుడల్లా మా నాన్నగారు ఫ్యూజు తీగ కొనకుండా, పాత వైరులోంచి మూడు రాగి పోగులు పేని కట్టేవారు. ఆ ఫ్యూజు మళ్ళీ ఎన్నడూ పోలేదు. బోర్డు పోయింది.

ఎర్తింగు సంగతి వేరే చెప్పాలి. పెరట్లో గొయ్యి తీసి, గొట్టం పాతి, ఉప్పూ బొగ్గూ పొరలు పొరలుగా వేసి, ఎండాకాలం నీళ్ళు పోస్తుండాలట. చూసినవాళ్ళు చేతబడి అనుకోరూ? ప్లగ్గుకి మూడో పిన్ను మిగతావాటికన్నా పొడుగ్గా ఎందుకుంటుందంటే, కరెంటుకన్నా ముందు ఎర్తు తగలాలని, తీసేటప్పుడు చివర వదలాలని. నాకు మాత్రం అది పొడుగ్గా ఉండబట్టి కటింగ్ ప్లేయరుకి బాగా దొరికింది. ఫ్రిజ్ తలుపు పట్టుకుంటే కొంచెం చీమలు పాకినట్టుంటుంది. దాని ముందు ఒక జత హవాయి చెప్పులు పెట్టాం. మనవలొస్తే చిన్న సైజు కొనాలి.

ఆర్‌సీసీబీ అని ఇంకోటుంది. వెళ్ళిన కరెంటూ తిరిగొచ్చిన కరెంటూ లెక్క చూసుకుని, 30 మిల్లీఆంపియర్లు తేడా వస్తే చాలు, టప్పున ఆపేస్తుంది. ఆ తేడా ఏ మనిషి ఒంట్లోంచో పోతోందని దాని అనుమానం. మా గేటు దీపంలోకి నీళ్ళు దిగేవి, చినుకు పడితే ఇల్లంతా చీకటి. దీపం మార్చాలంటే నిచ్చెన కావాలి. ఆర్‌సీసీబీ పీకించడానికి స్టూలు చాలు. ఇప్పుడు ఎంత వానొచ్చినా ఇల్లు దేదీప్యమానం. వానలో గేటు ముట్టుకోవద్దని పాలవాడికి చెప్పాం. పేపరు కుర్రాడికి ఇంకా చెప్పాలి.

"నాన్నా, నెట్టుకి గదికి రెండు క్యాట్ సిక్స్ కేబుల్ పాయింట్లు, కరెంటు పైపులో కాకుండా విడిగా" అని మా అబ్బాయి ఫోన్ చేశాడు. వైఫై అంటేనే వైరు లేనిది కదరా అన్నాను. రూటరు ఈశాన్యంలో దేవుడి గూటి పక్కన పెట్టించాం. వాడి గది మేడమీద నైరుతి. సంక్రాంతికొచ్చి మీటింగులన్నీ మెట్లమీద కూర్చుని చేసుకున్నాడు.

చివరికి కేబుల్ లాగక తప్పలేదు. కరెంటు పైపులోనే తోశాం. అందులో ఎనిమిది పోగులు, మెలి తిరిగిన నాలుగు జంటలు. బయటి గోల జంటలో రెంటిమీదా సమంగా పడి చెల్లుకు చెల్లవుతుందని ఆ మెలిక. కొసన అర అంగుళం మించి విప్పకూడదంటారు. నేను జానెడు విప్పి, దువ్వి తిన్నగా చేశాను. వరసలో ఆకుపచ్చ జంట మధ్యలో నీలం జంట దూరుతుంది. సంసారాల మధ్య ఆ దూరడమేమిటని విడదీసి పక్కపక్కన కూర్చోబెట్టాను. నెట్టు నత్తనడక నడిచింది. మేస్త్రీ ఒకటి, రెండు, మూడు, ఆరు స్థానాల్లోకి వాటి పోగులు సరిచేస్తే 100 ఎంబీ వచ్చింది. 1000 కావాలంటే ఎనిమిదీ ఉండాలట. మిగిలిన నాలుగూ వృథా ఎందుకని కాలింగ్ బెల్లుకి కలిపాను. ఎవరైనా బెల్లు కొడితే నెట్టు పోతుంది. చుట్టాలొచ్చినప్పుడు ఫోను చూడకూడదు మరి.

ఆఖరుగా, ఏ ఎంసీబీ దేనిదో పక్కన రాయించకండి. పన్నెండు మీటలూ ఒక్కలా ఉంటేనే అందం. మొన్న రాత్రి గీజరు గోడలోంచి వాసనొచ్చింది. "ఏమండీ, మెయిన్ ఎక్కడ?" అని మా ఆవిడ అరిచింది. నాకు తెలుసు. కొత్త ఇనప బీరువా వెనకాల ఉంది. దాన్ని జరపాలంటే నలుగురు కావాలి.