స్వాగత సంగీతము

ఇటీవల నొక మిత్రుని కుమార్తె వివాహమునకు పోయి, ద్వారమున చిలకరించిన పన్నీటి తడి యింకను ఆరకమునుపే, అరటిబోదెల చాటుననున్న నల్లని స్పీకరు పెట్టెనుండి వెలువడు గానము విని నిర్ఘాంతపోయితిని. అది జర్మను దేశపు వాగ్నరు మహాశయుని 'లోహెన్‌గ్రిన్' (1850) సంగీత నాటకములోని పెండ్లిపాట. ఆ కథలో వధువు పెండ్లినాటి రాత్రియే వరుని పేరడిగినందులకు ఆ కాపురము తెల్లవారుసరికి ముగిసినదను సంగతి, శుభలేఖలోని అచ్చుతప్పులను భూతద్దముతో వెదకిన పెద్దలలో నొక్కరికిని తట్టకపోవుట చిత్రము. పోయిన మాఘమాసమున మరియొక యింట, అతిథులు వచ్చువేళ, 'దేవదాసు' (1953) చిత్రములోని విషాదగీతము మ్రోగినది. అదియే నయము; తెలుగున నేడ్చినది.

మంగళవాద్యమునకు మనకేమి కొదువ? ఒంగోలు చెంత కరవదిలో 1924లో జన్మించి, శ్రీరంగమున స్థిరపడి, నాదస్వరముతో దక్షిణదేశమునెల్ల మెప్పించిన షేక్ చినమౌలానా సాహెబుగారు మనవారే. మాంగల్యధారణవేళ తుమ్ము వినబడకుండ గట్టిమేళము మ్రోగించు తెలివియు మనదే. ఇంతకును మిత్రుని యింటి పెండ్లికి మేళము రాకపోలేదు: డోలు విద్వాంసుడు వ్రేళ్ళకు తొడుగులు వేసికొని, డోలు నొడిలో నుంచుకొని, చెప్పుల గుట్ట ప్రక్కన కూర్చుండి, పెట్టె నోరెప్పుడు మూతపడునాయని చూచుచుండెను.

అయ్యా పెండ్లిపెద్దలారా, పెట్టెకు అద్దె యిచ్చితిరి, మేళమునకు బయానా యిచ్చితిరి. ఆ పెట్టె మీటను ఒక్క అరగంట కట్టింపుడు.