డబ్బు దగ్గర మర్యాద తప్పండి: కొన్ని పెడసరపు సలహాలు

ఈ సలహాలు పాటిస్తే మీకు పొగరనే పేరు వస్తుంది. ఒకరిద్దరు చుట్టాలు కొన్నాళ్లు మాట్లాడటం మానేస్తారు. అయినా పాటించమనే చెబుతాను. ఆడపిల్ల పెళ్లికని దాచిన సొమ్ము మొహమాటానికి పోగొట్టుకున్న ఇళ్లు మన ఊళ్లలో చాలా ఉన్నాయి.

డిపాజిట్ కట్టమని ఇంటికొచ్చిన బావగారిని అనుమతి పత్రం అడగండి. పరాయివాణ్ని ఎలాగూ అడుగుతాం, అడగలేనిది మనవాళ్లనే. విజయవాడ కేంద్రంగా నడిచిన అగ్రిగోల్డ్ గుర్తుందిగా. గడువు తీరాక స్థలమో సొమ్మో ఇస్తామంటే పలు రాష్ట్రాల్లో సుమారు 32 లక్షల మంది కట్టారు. బాకీ 6,380 కోట్లని లెక్క తేలింది. కట్టించుకున్న ఏజెంట్లు ఎక్కడినుంచో ఊడిపడలేదు. ఆ ఊరివాళ్లే, ఆ వీధివాళ్లే. ఎందరో తమ డబ్బూ అందులోనే పెట్టారు, అందుకే అంత నమ్మకంగా చెప్పగలిగారు. 2014-15 నాటికి చెల్లింపులు ఆగిపోయాయి. ఆ తర్వాత 2019లో 10 వేల లోపు, 2021లో 20 వేల లోపు కట్టినవాళ్లకు ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఖజానా నుంచి తీసి ఇచ్చింది. అంతకు మించి కట్టినవాళ్లకు కోర్టుల చుట్టూ తిరగడమే మిగిలింది.

బావగారు మంచివాడా కాదా అన్నది చట్టానికి పట్టదు. ఆ సంస్థకు డిపాజిట్ తీసుకునే హక్కు ఉందా లేదా అన్నదే దానికి కావాలి. కంపెనీ రిజిస్ట్రేషన్ పత్రం చూపించి సరిపెట్టబోతారు, ఒప్పుకోకండి. ఆ పేరుతో ఒక కంపెనీ ఉందనడానికే అది రుజువు. రిజర్వు బ్యాంకు నడిపే ‘సచేత్’ వెబ్‌సైట్‌లో ఏ సంస్థకు అనుమతి ఉందో చూడవచ్చు. బావగారి ఎదుటే చూడండి. వడ్డీ లెక్క కూడా అక్కడే వేయండి. డిపాజిట్లు తీసుకునే అనుమతి ఉన్న ఫైనాన్స్ కంపెనీ సైతం ఏడాదికి 12.5 శాతానికి మించి ఇవ్వకూడదని రిజర్వు బ్యాంకు నియమం. ఎవరైనా రెండు రూపాయల వడ్డీ ఇస్తామంటే అది ఏడాదికి 24 శాతం. ఇక వినాల్సింది ఏమీ లేదు, కాఫీ ఇచ్చి పంపించండి. నియంత్రణ లేని డిపాజిట్ పథకాలను నిషేధిస్తూ 2019లో వచ్చిన చట్టం తెలిసి తెలిసి అబద్ధం చెప్పి చేర్పించినవాళ్లకూ శిక్ష పెట్టింది. మీ ప్రశ్న బావగారిని కూడా కాపాడుతుంది.

వీధి చివర అక్కగారు వేసే పెద్ద చీటీకీ ఇదే మాట. 1982 నాటి చిట్‌ఫండ్ల చట్టం ప్రకారం చీటీ మొదలుపెట్టకముందే అనుమతి తీసుకోవాలి, చీటీ మొత్తానికి సమానమైన హామీ రిజిస్ట్రార్ దగ్గర ఉంచాలి. “అక్కా, అనుమతి కాగితం ఒకసారి చూపిస్తారా?” అని అడిగితే ఆవిడ నొచ్చుకుంటారు. నొచ్చుకోనివ్వండి.

మేనేజరు తెలిసినవాడని ఉన్నదంతా ఒకే బ్యాంకులో పెట్టకండి. 1960లో కేరళలో పాలై సెంట్రల్ బ్యాంకు మూతపడ్డాకే, 1961లో డిపాజిట్ బీమా చట్టం వచ్చింది. ఇప్పుడు ఆ బీమా ఒక్కో బ్యాంకులో ఒక్కో డిపాజిటరుకు అసలూ వడ్డీ కలిపి 5 లక్షలు. నాలుగు బ్రాంచీల్లో విడివిడిగా వేసినా బ్యాంకు ఒకటే అయితే లెక్కా ఒకటే. 2001లో హైదరాబాద్‌లో కృషి బ్యాంకు కూలినప్పుడు ఆ పరిమితి లక్షే. రిటైర్మెంటు డబ్బంతా ఒకేచోట పెట్టుకున్న మనిషికి అప్పుడు ఏమి మిగిలి ఉంటుందో ఆలోచించండి. ప్రాథమిక వ్యవసాయ సంఘాలకు, పరస్పర సహాయక సహకార సంఘాలైన మ్యాక్స్ సొసైటీలకు, ఫైనాన్స్ కంపెనీలకు ఆ 5 లక్షల బీమా కూడా లేదు.

జామీను సంతకం అడిగిన స్నేహితుడికి కాదని చెప్పండి. 1872 నాటి కాంట్రాక్టు చట్టం దృష్టిలో, వేరే ఒప్పందం లేకపోతే, అప్పు తీసుకున్నవాడి బాధ్యత ఎంతో జామీనుదారుడిదీ అంతే. బ్యాంకు ముందుగా అప్పు తీసుకున్నవాణ్నే అడగాలన్న నియమం కూడా లేదు. అంతగా సాయం చేయాలనిపిస్తే చేతిలో ఉన్నదేదో ఇవ్వండి. పోయినా అంతవరకే పోతుంది.

మీరే అప్పు తీసుకుంటుంటే చూపించిన చోటల్లా సంతకాలు పెట్టకండి, వెనక పదిమంది నిలబడి ఉన్నా సరే. ఇల్లు, బండి, చదువు వంటి వ్యక్తిగత రుణాలన్నిటికీ వడ్డీ, ఫీజులు కలిపి ఏడాదికి నిజంగా ఎంత శాతం పడుతుందో చెప్పే ముఖ్యాంశాల పత్రం ఇవ్వాలన్న నియమం 2024 అక్టోబరు 1 నుంచి అమల్లో ఉంది. అది మీకు అర్థమయ్యే భాషలో ఉండాలి. తెలుగులో అడగండి, ఇంటికి తెచ్చుకుని ఇంట్లోవాళ్లతో కలిసి చదవండి. వారం, అంతకు పైబడిన గడువున్న అప్పులకు కనీసం మూడు పనిదినాలు ఆ షరతులకు బ్యాంకు కట్టుబడి ఉండాలి. అందులో లేని ఛార్జీ ఏదైనా మీరు ఒప్పుకుంటే తప్ప తర్వాత వసూలు చేయకూడదు.

అప్పు తీరిందని మిఠాయి పంచి ఊరుకోకండి. 30 రోజుల్లో ఇంటి దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. తమ వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున బ్యాంకే మీకు కట్టాలి. ఇవ్వకపోతే రాతపూర్వకంగా ఫిర్యాదు చేయండి. 30 రోజుల్లో జవాబు రాకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్ దగ్గరకు వెళ్లవచ్చు, దానికి ఖర్చేమీ లేదు. ఆ 30 రోజుల లెక్కకు ఆధారం కావాలి గనక, ఫిర్యాదు నకలు మీద తేదీతో ముద్ర వేసేదాకా కౌంటరు దగ్గర్నుంచి కదలకండి.