రెండక్షరాలు, ఒక పొల్లు

మా తోడల్లుడి కొడుక్కి మగపిల్లాడు పుట్టాడు. గంట తిరక్కుండా మావాడు లాప్‌టాప్‌లో ఎక్సెల్ షీటు తెరిచాడు. పేరు, అర్థం, ఇంగ్లీషు స్పెల్లింగు, అభ్యంతరం ఎవరిది అని నాలుగు గడులు. నాలుగోదే చకచకా నిండుతోంది.

వాడి బాధ నాకు తెలుసు. తాతగారి మొక్కుల పుణ్యమా అని వాడి పేరులో వెంకటేశ్వరస్వామి, సత్యనారాయణస్వామి, సూర్యభగవానుడు ముగ్గురూ కాపురముంటారు. ఎంసెట్ ఫారంలో గళ్ళు సూర్యుడి దగ్గరికి వచ్చేసరికే అయిపోయాయి. అందుకే శపథం: "రెండే అక్షరాలు బాబాయ్, మహా అయితే ఒక పొల్లు. మోడ్రన్‌గా ఉండాలి. అపార్ట్‌మెంట్లో ఇంకొకడికి ఉండకూడదు."

ఈ చివరిదే కొంప ముంచింది. 'విహాన్' అనుకుని కింద పార్కులో కేకేసి చూస్తే ముగ్గురు పిల్లలు తలతిప్పారు. పోనీ మొగుడూ పెళ్ళాల పేర్లు కలుపుదామని తన పేరులో 'వా', భార్య పేరులో 'న' తీసుకుని, ఆనందం పట్టలేక "వాన!" అని అరిచాడు. వాళ్ళమ్మ డాబా మీదికి పరిగెత్తి వడియాలు తీసేసింది.

పురోహితుడుగారు పంచాంగం తిప్పి, హస్త నాలుగో పాదం, 'ఠ' అన్నారు. "ఇంకేం, ఠాగూర్! చిరంజీవి సినిమా!" అన్నారు తాతగారు. మావాడు ఒప్పుకోలేదు. అమెరికాలో థాగూర్ అంటారట. మెడ నిలవని పసివాడికి అప్పుడే వీసా!

మా రోజుల్లో ఇంత తంతు లేదు. తాత పేరు మనవడికి. కోడలు మామగారి పేరు నోట పలకకూడదు కనక పిలవడానికి బుజ్జిగాడు. ఖర్చులేని పని.

బారసాలనాడు పళ్ళెంలో బియ్యం, కుడిచేతిలో ఉంగరం, ఎడమచేతిలో ఫోను. 'శ్రీ' రాసి ఆగాడు. పక్కన ఏదో రాశాడు, అరచేత్తో చెరిపాడు, మళ్ళీ రాశాడు. చెరిపినప్పుడల్లా నాలుగు గింజలు చాప మీద రాలుతున్నాయి. "కానివ్వు నాయనా, వర్జ్యం వచ్చేస్తోంది" అన్నారు పురోహితుడుగారు. చివరికి ఆ బియ్యం పేరు లేకుండానే ఆయన సంచిలోకి వెళ్ళాయి.

నిన్న కనిపించాడు. మొహం వెలిగిపోతోంది.

"పేరు దొరికిందా?"

"పేరు కాదు బాబాయ్, టైము దొరికింది."

జనన ధ్రువపత్రంలో పేరు ఏడాదిలోపైతే ఉచితంగా ఎక్కించుకోవచ్చట. ఆ తర్వాతా ఆలస్య రుసుం కడితే 15 ఏళ్ళ దాకా గడువుందట.

అప్పటికి పిల్లాడు టెన్త్ పరీక్షకు ఫారం నింపుతుంటాడు. గళ్ళకైతే లోటుండదు.