ఆడిషనోపాఖ్యానము

ఇంద్రుడి అమరావతికి దీటైన కృష్ణానగర్‌లో, అన్నపూర్ణ స్టూడియోకు కూతవేటు దూరంలో, ఒకానొక ఆఫీసు మూడో అంతస్తు మెట్ల మీద మన ధీరోదాత్తుడు కొలువుదీరాడు. లిఫ్ట్ పనిచేయదు. ఇక ఆ వీరుని దివ్యాభరణాలు: రూమ్మేటు దగ్గర ఎరువు తెచ్చిన నల్ల చొక్కా, దాని కాలరుకు పౌడరు మరక, వెనక జేబులో దువ్వెన, చెమటకు మెత్తబడిన సీను పేపరు. వక్షఃస్థలాన కౌస్తుభంలా పిన్నీసుతో గుచ్చిన నంబరు చీటీ: 143. అందులో శృంగారం వెతక్కండి, తనకు ముందు 142 మంది ఉన్నారని మాత్రమే అర్థం.

భరతముని నాట్యశాస్త్రంలో ఎనిమిది సాత్త్విక భావాలు చెప్పాడు. మనసు ఏకాగ్రమైతే తప్ప అవి పలకవన్నాడు. పాపం, ఆయన ఈ మెట్లెక్కలేదు. స్వేదం పొద్దున్నే వచ్చి వీపు మీద పటాలు గీసింది. తలుపు తెరుచుకున్నప్పుడల్లా స్తంభం. గాలి లేకుండానే చీటీ రెపరెపలాడుతోంది, అది వేపథువు. ‘పేరేంటి?’ అనగానే స్వరభేదం. వైవర్ణ్యాన్ని పౌడరు దాచింది. ఏసీ గదిలో అడుగుపెట్టగానే రోమాంచం. ప్రళయమంటే స్పృహ తప్పడం. టిఫిన్ చెయ్యలేదు గనుక అదీ దారిలోనే ఉంది. మిగిలింది అశ్రువు.

తలుపు సందులోంచి నేను చూసిన రణరంగం ఇది. నేల మీద ఎర్ర టేపు ముక్క, దానిమీద వీరుడు. ఎదుట సుదర్శనంలా రింగ్ లైటు, మధ్యలో ఒంటికన్ను ఫోను. లెఫ్ట్ ప్రొఫైల్. రైట్ ప్రొఫైల్. చేతులు చూపించు, ఇటు తిప్పు. సీను, తల్లి మరణం. క్యూ ఇచ్చే అసిస్టెంటు సమోసా నములుతూ ‘మీ అమ్మ పోయిందిరా’ అని చాకలి పద్దు చదివినట్టు చదివాడు.

అయినా వచ్చింది అశ్రువు! కుడికంట పుట్టి, పౌడరు మైదానాన్ని చీల్చుకుంటూ, గంగావతరణంలా దిగుతుండగా...

‘‘ఆగాగు. స్టోరేజ్ ఫుల్. ఆ 142 గాడి ఏడుపు డిలీట్ చెయ్.’’

ఒక్క బొటనవేటుతో ఓ మాతృవియోగం పంచభూతాల్లో కలిసింది.

‘‘ఊఁ, మళ్లీ చెయ్ తమ్ముడూ. ఈసారి కొంచెం న్యాచురల్‌గా.’’

ఇది శ్రీమత్కృష్ణానగర షేరింగ్‌రూమ్ నివాస, బకాయి అద్దె భారధురంధర, 144వ చీటీధర ప్రణీతంబైన ఆడిషనోపాఖ్యానంబునందు ప్రథమాశ్వాసము. ద్వితీయాశ్వాసం తర్వాత, లోపల్నించి నన్ను పిలుస్తున్నారు.