డ్రైవ్ స్లో, మాస్టారూ

ఇంగ్లీషులో క్రియావిశేషణానికి తోక ఉంటుందని ఉద్యోగం చేసినన్నాళ్ళూ పిల్లలకు చెప్పాను. ఆ తోక పేరు 'లీ'. స్లోకి తగిలిస్తే స్లోలీ, క్విక్‌కి తగిలిస్తే క్విక్లీ. తెనాలి చుట్టుపక్కల ఇవాళ నలభై దాటినవాళ్ళలో చాలామంది 'హీ రన్స్ క్విక్' అని రాసి నా చేత ఎర్రసిరా గీత గీయించుకున్నవాళ్ళే. 'ఫాస్ట్' దగ్గరికొచ్చేసరికి మాత్రం "దీనికి తోక ఉండదురా, మినహాయింపు" అనేవాణ్ణి. ఎందుకుండదని అడిగినవాణ్ణి వరండాలో నిలబెట్టేవాణ్ణి. రెన్ అండ్ మార్టిన్‌లో ఉన్నది నేర్పడమే నా పని. అన్నట్టు ఆ పి.సి. రెన్ దొర ఫ్రెంచి సైన్యం మీద బోలెడు సాహస నవలలు కూడా రాశాడు. మన పిల్లలకు అవి కాకుండా ఆయన గ్రామరే అందడం ప్రారబ్ధం కాకపోతే ఏమిటి?

రిటైరయ్యాక పిల్లల పుణ్యమా అని అమెరికా పోయివస్తున్నాను. దిగీ దిగగానే రోడ్డు పక్కన పసుపుపచ్చ బోర్డు: 'డ్రైవ్ స్లో'. తోక లేదు. ఆపిల్ కంపెనీ 1997లో ప్రపంచమంతా వేసిన ప్రకటన చూడండి, 'థింక్ డిఫరెంట్'. అక్కడా తోక లేదు. అంత డబ్బున్న కంపెనీకి రెండక్షరాలకు కరువొచ్చిందా అని నాలాంటి మాస్టార్లు దేశదేశాల్లో పళ్ళు నూరుకున్నారు.

కోపమొస్తే పుస్తకాలు తిరగేయడం నాకున్న జబ్బు. తిరగేస్తే తేలిందేమిటంటే, వెయ్యేళ్ళ కిందటి ఇంగ్లీషులో విశేషణం చివర ఒక చిన్న 'ఎ' చేరిస్తే చాలు, క్రియావిశేషణం అయిపోయేది. జనం నోళ్ళలో నానీ నానీ ఆ 'ఎ' అరిగిపోయింది. ఫాస్ట్, హార్డ్, స్లో, లౌడ్ ఇవన్నీ అలా అరిగి మిగిలిన పాతకాపులే, చదువురానివాళ్ళు చెడగొట్టిన మాటలు కావు. ఇక నా ముద్దుల 'లీ' ఉంది చూశారూ, అది 'లీచె' అనే ప్రత్యయం అరగ్గా వచ్చింది. దాని మూలానికి అర్థం ఒళ్ళు, శరీరం. పాత ఇంగ్లండు చర్చిల ముందు శవపేటికను కాసేపు దింపే గేటును 'లిచ్‌గేట్' అనేది ఇందుకే. అంటే ఇన్నాళ్ళూ నేను తోక అనుకున్నది తోక కాదు, ఒళ్ళంతా అదే! పైగా 'లైక్' అనే మాటదీ ఆ వంశమే. వాక్యానికి నాలుగుసార్లు "లైక్... లైక్..." అనే మా మనవరాలూ, "లీ ఏదే?" అని వెంటపడే నేనూ ఒకే ఇంటిపేరు వాళ్ళమన్నమాట. ఈ సంగతి దానికి చెప్పలేదు. చెప్పను కూడా.

మరి తోక తప్పనిసరి అన్నదెవరు? 1762లో రాబర్ట్ లౌత్ అనే మతగురువు ఇంగ్లీషుకు వ్యాకరణం రాశాడు. తర్వాత లండన్ బిషప్ కూడా అయ్యాడు. ఆయన పుస్తకంలో గమ్మత్తు ఏమిటంటే, తప్పులకు ఉదాహరణలు బడిపిల్లల కాపీల్లోంచి తియ్యలేదు, షేక్‌స్పియర్ లాంటి హేమాహేమీల రచనల్లోంచి తీశాడు. అప్పటికి వందేళ్ళ ముందు లండన్‌లో డైరీ రాసుకున్న శామ్యూల్ పీప్స్ ఏది నచ్చినా 'మైటీ' ఏది నచ్చకపోయినా 'మైటీ' అంటూ హాయిగా రాసుకుపోయాడు. లౌత్ గారు వచ్చాక ఆ హాయి పోయింది. ఆయన ఎర్రసిరా చేతులు మారి మారి మా బడిదాకా వచ్చింది.

బడి సంగతి సరే, ఇంటి సంగతి వినండి. మా పెద్దమ్మాయి వాళ్ళది బోస్టన్ పక్కన. అక్కడ పుట్టిన మనవరాలు అమ్మమ్మ కలిపిన పులిహోర తిని "వికెడ్ గుడ్!" అంది. వికెడ్ అంటే దుష్ట అని నేను పాతికేళ్ళ కిందటి బ్లాక్‌బోర్డు మీద రాసినట్టే చెప్పబోతే, మా ఆవిడ "బాగుందంటోంది, ఇంకాస్త పెట్టనివ్వండి" అంది. అక్కడ చలి వికెడ్, ట్రాఫిక్ వికెడ్, ఐసుక్రీమూ వికెడే. న్యూ ఇంగ్లండ్ మొత్తం మీద 'చాలా'కు అదే మాట.

అబ్బాయిది కాలిఫోర్నియాలో ఫ్రీమాంట్. వాడి కొడుక్కి అదే పులిహోర 'హెల్లా గుడ్'. వీడియో కాల్‌లో వాళ్ళిద్దరికీ దీని మీద యుద్ధం. "నువ్వు టీవీలో ముసలాళ్ళలా మాట్లాడతావ్" అని వాడు, "నీది అసలు మాటే కాదు" అని అది. ఇద్దరూ నన్ను తీర్పు చెప్పమన్నారు. రెండూ తప్పే అని తీర్పు ఇవ్వగానే ఇద్దరూ ఏకమై "తాతయ్యా, యూ ఆర్ సో ఓల్డ్" అన్నారు. ఈ 'సో' ఒక్కదానికే దేశమంతటా చెల్లుబాటు ఉంది.

కానీ 'హెల్లా'ను తక్కువ అంచనా వెయ్యకండి. కాలిఫోర్నియా డేవిస్ యూనివర్సిటీలో ఫిజిక్స్ చదివే ఒక కుర్రాడు 2010లో ఒక ఉద్యమం లేవదీశాడు. కిలో, మెగా, గిగా ఉన్నట్టే ఒకటి పక్కన 27 సున్నాలుంటే దాన్ని 'హెల్లా' అనాలని! వేలమంది సంతకాలు పెట్టారు. ఆ ఏడాదే గూగుల్ తన లెక్కల యంత్రంలో దాన్ని పెట్టేసింది కూడా. భూమి బరువు ఆరు హెల్లాగ్రాములకు కొంచెం తక్కువ. కొలతల మీద ప్రపంచ పెత్తనం ఉన్న మహాసభ మాత్రం పన్నెండేళ్ళు నానబెట్టి, 2022లో ఆ 27 సున్నాలకు 'రోనా' అని పేరు పెట్టింది. ఫ్రాన్సులో సభ జరిగింది కదా, ఫ్రీమాంట్ మాట చెల్లుతుందా? మా మనవడికి ఈ తీర్పు వినిపించినప్పుడు నా గొంతులో కాస్త సంతోషం ధ్వనించిందని మా కోడలు అంటుంది. అదేం లేదు.

ఇలాంటి మాటల్ని ఊరూరా తిరిగి ఏరుకున్నవాళ్ళున్నారు. ఫ్రెడరిక్ కాసిడీ అనే ప్రొఫెసర్ విస్కాన్సిన్ యూనివర్సిటీ నుంచి తన మనుషుల్ని 'వర్డ్ వ్యాగన్లు' అని పేరు పెట్టిన వ్యాన్లలో పంపాడు. 1965 నుంచి 1970 దాకా 1,002 ఊళ్ళు తిరిగారు. ముసలివాళ్ళ దగ్గర కూర్చుని మీరు దీన్నేమంటారు, దాన్నేమంటారు అని వందల ప్రశ్నలు అడిగారు. అమెరికా ప్రాంతీయ ఇంగ్లీషు నిఘంటువు మొదటి సంపుటం 1985లో వచ్చింది. 'ఎస్‌ఎల్' నుంచి 'జెడ్' దాకా ఉన్న అయిదో సంపుటం 2012లో గానీ రాలేదు. 'స్లో' అనే మాట ఉండాల్సింది సరిగ్గా ఆ సంపుటంలోనే. కాసిడీ గారు అప్పటికే, 2000లో, కన్నుమూశారు. పద జెడ్ దాకా అన్న అర్థంలో 'ఆన్ టు జెడ్' అని ఆయన సమాధి మీద చెక్కారు. నా సమాధి మీద ఏం చెక్కుతారో అని ఒకసారి అన్నాను. మావాళ్ళలో సమాధులుండవు కాబట్టి ఆ బాధ లేదు అంది మా ఆవిడ.

ఒహాయోలో మా వియ్యంకుడి పాట్లు వేరు. ఆయన ఎల్‌ఐసీలో ఆఫీసరుగా చేసి దిగాడు, ఇంగ్లీషు పకడ్బందీగా ఉంటుంది. పక్కింటి పెద్దాయన కంచె మీద చేతులాన్చి "మిల్క్ ఈజ్ ఎక్స్‌పెన్సివ్ ఎనీమోర్" అన్నాడట. 'ఎనీమోర్' వచ్చిందంటే ముందెక్కడో 'నాట్' ఉండాలి, అది మన రూలు. మా వియ్యంకుడు నిలబడిపోయాడు. తెలుగువాడికి 'కాదు', 'లేదు' వాక్యం చివర్లోనే వస్తాయి కనుక ఎదురుచూడటం మనకు అలవాటే, ఆ 'నాట్' ఇప్పుడొస్తుంది, ఇప్పుడొస్తుంది అని చూశాడు. పెద్దాయన లోపలికి వెళ్ళిపోయాడు. పెన్సిల్వేనియా, ఒహాయో వైపు 'నాట్' లేకుండానే 'ఎనీమోర్' వాడతారు. 'ఈమధ్య పాలు ప్రియమైపోయాయి' అని ఆ అర్థం. "పాల ధర తగ్గిందనుకుని గాలన్లు రెండు తెచ్చానండీ, బావగారూ" అన్నాడు పాపం. పెరుగు తోడేసుకున్నారు.

ఒకే మాట రెండు ఊళ్ళలో రెండు అర్థాలిస్తే మరీ ప్రమాదం. మా తమ్ముడి కొడుకు హైదరాబాదులో సాఫ్ట్‌వేర్. లండన్ వాళ్ళకు ఏదో పని చేసి పంపితే 'క్వయిట్ గుడ్' అని జవాబొచ్చింది. టీమంతా బిర్యానీ తెప్పించుకుంది. అమెరికాలో 'క్వయిట్' అంటే బాగా అని. ఇంగ్లండులో 'గుడ్' లాంటి మాట ముందు పెడితే చాలాసార్లు 'ఫరవాలేదు' దగ్గరే ఆగిపోతుంది. బిర్యానీ అరగకముందే తప్పుల చిట్టా వచ్చింది. "పెదనాన్నా, నువ్వు మాకు ఇదెందుకు చెప్పలేదు?" అని నా మీద పడ్డాడు. చెప్పడానికి నేను నేర్పిన పుస్తకం రాసిన రెన్ దొర లండన్ వైపువాడే, ఆయనకిది చెప్పాలని తట్టలేదు.

బిర్యానీతో పోయింది కాబట్టి నయం. 1951 ఏప్రిల్‌లో కొరియా యుద్ధంలో, ఇమ్జిన్ నది దగ్గర చైనా సేనలు విరుచుకుపడినప్పుడు, బ్రిటిష్ బ్రిగేడియర్ టామ్ బ్రోడీ తన పై అధికారి అయిన అమెరికన్ జనరల్‌తో పరిస్థితి 'ఎ బిట్ స్టికీ' అన్నాడని చెప్పుకుంటారు. బ్రిటిషువాడి నోట ఆ 'ఎ బిట్'కు అర్థం, ప్రాణాల మీదికొచ్చిందని. అమెరికన్ మాత్రం 'కాస్త' అంటే కాస్తే అనుకున్నాడు. గ్లాస్టర్ పటాలంలో చాలామంది పట్టుబడ్డారు. దీని మీద నేను హాస్యం ఆడను.

అమెరికా విమానంలో 'మొమెంటరిలీ' దిగుతాం అంటే కాసేపట్లో దిగుతాం అని. పాతకాలపు ఇంగ్లీషువాడు వింటే 'ఒక్క క్షణం దిగి మళ్ళీ లేచిపోతాం' అని అర్థం చేసుకుని సామాను వదిలేసి తలుపు దగ్గరికి పరిగెత్తుతాడు. దక్షిణాఫ్రికాలో 'జస్ట్ నౌ' వస్తానన్నవాడి కోసం గుమ్మంలో నిలబడకండి, ఆ మాటకు అక్కడ 'ఎప్పుడో వస్తాలే' అని అర్థం. కాస్త త్వరగా వచ్చేవాడు 'నౌ నౌ' అంటాడు. మనం నవ్వక్కర్లేదు. మావైపు 'గమ్మున రా' అంటే త్వరగా రమ్మని. చిత్తూరువైపు 'గమ్మునుండు' అంటే నోరుమూసుకోమని. అక్కడ త్వరగా రావాలంటే 'బిన్నా రా', శ్రీకాకుళంలో 'బేగి రా', తెలంగాణలో 'జల్ది రా'. ఇక 'చాలా' అనడానికి మస్తు, శానా, తెగ ఉండగా, ఇప్పుడు సినిమా 'అరాచకంగా ఉంది' అంటే బాగుందనట. వికెడ్‌ను తప్పుపట్టే నోరు నాకెక్కడిది?

మనవాళ్ళ ఇంగ్లీషులో క్రియావిశేషణాలు ఇంకో తీరు. "మోస్ట్లీ ఐ విల్ కమ్ టుమారో" అంటాం, బహుశా రేపొస్తానని. తెలియని దొర అయితే ఒంట్లో ఎక్కువ భాగం రేపొస్తుంది, మిగతాది ఎల్లుండా అని కంగారుపడతాడు. ఏం చేస్తున్నావంటే "సింప్లీ సిట్టింగ్", ఊరికే కూర్చున్నానని. ఎంత దూరమంటే "హార్డ్లీ టెన్ మినిట్స్". గట్టిగా పది నిమిషాలు కదా, గట్టికి హార్డ్, గాకి లీ! ఎక్కడున్నావంటే "హియర్ ఓన్లీ". ఇవన్నీ నేను కొట్టేసినవే. కొట్టేసిన ప్రతిదీ ఆ పిల్లలతో పాటు విమానమెక్కి వెళ్ళింది. మా అబ్బాయి ఆఫీసులో తెలుగువాళ్ళతో తిరిగే ఒక తెల్లాయన "టుడే ఇట్‌సెల్ఫ్" అంటున్నాడట. మనిషి ఏ ఊరివాడో తెలియాలంటే వాడి పాస్‌పోర్టు చూడక్కర్లేదు, క్రియావిశేషణం ఒక్కటి విను చాలు అని నేనంటాను. ఆ తెల్లాయన్ని మాత్రం ఏ ఊళ్ళో పడెయ్యాలో తోచడం లేదు.

రెండో అమ్మాయిది డల్లాస్ దగ్గర ఫ్రిస్కో. ఒకసారి ఓక్లహోమా నుంచి కారులో వస్తున్నాం, అల్లుడు నడుపుతున్నాడు. టెక్సస్‌లోకి వచ్చేవాళ్ళకు స్వాగతం చెప్పే పచ్చబోర్డు కనిపించింది. కింద 'డ్రైవ్ ఫ్రెండ్లీ, ది టెక్సస్ వే' అని ఉంది. నాకు ఊపిరాడలేదు. చూశారా, ఇక్కడ తోక ఉంది, కానీ అది క్రియావిశేషణం కాదు! ఫ్రెండ్లీ అనేది విశేషణం. దాన్ని క్రియావిశేషణం చెయ్యాలంటే మళ్ళీ ఇంకో 'లీ' తగిలించి 'ఫ్రెండ్లిలీ' అనాలి. నిఘంటువులో ఉంది, మనిషన్నవాడెవడూ పలకడు. పద్దెనిమిదో శతాబ్దపు వ్యాకరణకర్తలు చూస్తే ఏమయ్యేవాళ్ళో అంటూ నేను వెనక్కి తిరిగి లౌత్ గారి దగ్గర్నుంచి మొదలుపెట్టి వివరించాను. "ఇంగ్లీషులో దీనికి దారి లేదు. ఒక రాష్ట్ర ప్రభుత్వం అంతటిది బోర్డు రాయలేక చేతులెత్తేసింది" అన్నాను.

మా ఆవిడ సెనగపప్పు చెగోడీల డబ్బా మూత తీస్తూ, "ఏముందండీ అందులో? ఫ్రెండ్లీగా నడపమన్నారు" అంది.

లౌత్ గారి తరఫున జవాబు వెతుక్కుంటుండగానే అల్లుడు ఎగ్జిట్ తీసుకున్నాడు, సిగ్నల్ వెయ్యకుండా.