మూడు కాళ్ల ఇనుప పాదం

నాకు మూడు కాళ్లు. పెద్దది పెద్దవాళ్ల జోళ్లకు, నడిమిది ఆడవాళ్ల చెప్పులకు, చిన్నది బడిపిల్లల బూట్లకు. ఒక కాలు పైకి లేస్తే మిగిలిన రెండూ నేలను పట్టుకుని దాన్ని మోస్తాయి. చెప్పులు కుట్టే మనిషి ముందు ఆరె, సుత్తి పక్కన నన్ను మీరు చూసే ఉంటారు. ఇప్పుడు నా మకాం హైదరాబాద్ కొత్తగూడ చౌరస్తాలో, 2023 జనవరి 1న తెరిచిన ఫ్లైఓవర్ నీడలో. బొటానికల్ గార్డెన్‌లో పొద్దున్నే పరుగెత్తేవాళ్ల బూట్లు, మెడలో ఐడీ కార్డులతో పరుగెత్తేవాళ్ల బూట్లు, అన్నీ నా మీదికే వస్తాయి.

కానీ నేను ఫుట్‌బాల్ బూట్ల మీద పెరిగినదాన్ని.

ఇప్పుడు నన్ను వాడుతున్నవాడి తాత నన్ను బేగంబజార్‌లో కొన్నాడు. ఆయన కూర్చున్నది ఫతే మైదానం గోడ పక్కన. 1967లో దానికే లాల్ బహదూర్ స్టేడియం అని పేరు పెట్టారు. ఆ రోజుల్లో ఆటబూటు అడుగు ఇప్పటిలా అచ్చుపోసిన ప్లాస్టిక్ కాదు. తోలు ముక్కల్ని ఒకదానిమీద ఒకటి పేర్చి, గుండ్రంగా కోసి, చిన్న మేకులతో అడుగుకు బిగించేవాళ్లు. నెల తిరక్కుండానే ఆ బుడిపెలు అరిగేవి, మేకుల మొనలు లోపలికి పొడుచుకొచ్చి అరికాలు చీరేవి. తాత బూటును నాకు తొడిగి కొత్త మేకు దిగ్గొడితే, దాని మొన నా ఇనుముకు తగిలి తోలులోకే మడుచుకుపోయేది. ఆటగాడి పాదానికి తగలాల్సిన మొన నాకు తగిలి ఆగిపోవాలి. నా పనంతా అదే.

అసలు బూట్ల మీద మనవాళ్లకు పట్టుదల వచ్చింది ఒక ఓటమి వల్ల. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో మన జట్టులో చాలామంది ఉత్త కాళ్లతో చలిలో ఆడారు. యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడారు. ఆ తర్వాతే బూట్లు తప్పనిసరి అయ్యాయి. తాతకు పని పెరిగింది.

బూటు చూస్తే మనిషి ఎక్కడ ఆడతాడో తెలిసిపోయేది. ఫార్వర్డ్ బూటు ముందు పగులుతుంది, బొటనవేలి దగ్గర కుట్టు ఊడుతుంది. వెనక ఆడేవాడి బూటు పక్కకు చిరుగుతుంది. బంతి మీదికి జారి అడ్డం పడతాడు కదా, బయటివైపు తోలు నేలను రాసుకుని పలచబడిపోతుంది. తాత ఆ చిరుగు మీద వేలు పెట్టి, "ఈడు అడ్డం వడ్డడురా" అనేవాడు. ఆ మాటలో ఎంత మర్యాద ఉండేదో నాకు తెలుసు.

గోడ పక్కన వినపడే పేర్లన్నిటికీ పైన రహీం సాబ్ పేరుండేది. బడిపంతులుగా ఉండి, నగర పోలీసు జట్టును దేశంలోనే మేటిగా నిలబెట్టిన సయ్యద్ అబ్దుల్ రహీం. 1950 నుంచి 1954 దాకా ఐదేళ్లూ రోవర్స్ కప్ ఆ జట్టుదే. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో ఆయన నడిపిన భారత జట్టు నాలుగో స్థానంలో నిలిచింది. అందులో ఫుల్‌బ్యాక్ మన అజీజుద్దీన్. ఆ ఒలింపిక్స్‌లో ఆస్ట్రేలియా మీద మూడు గోల్స్ కొట్టిన నెవిల్ డిసౌజా పేరు ఇవాళ్టికీ చెప్పుకుంటారు. అజీజుద్దీన్ ఎన్నిటిని ఆపాడో ఎవరైనా లెక్క రాశారా?

1962 జకార్తా ఏషియాడ్ ఫైనల్ సంగతే చూడండి. జర్నైల్ సింగ్ డిఫెండర్. తలకు దెబ్బ తగిలి కుట్లు పడితే రహీం సాబ్ అతన్ని ముందుకు పంపి ఆడించాడు. అతను గోల్ కొట్టాడు. దక్షిణ కొరియా మీద 2-1తో బంగారు పతకం వచ్చింది. ఆ ఒక్క గోల్ పుస్తకాలకెక్కింది. మరుసటి ఏడు జూన్‌లో రహీం సాబ్ పోయాడు.

ఆయన బడిలోంచి వచ్చినవాడే సయ్యద్ నయీముద్దీన్. 1944లో ఈ ఊళ్లోనే పుట్టాడు. పోలీసు జట్టులో ఆడి, కలకత్తా వెళ్లి ఈస్ట్ బెంగాల్, మోహన్ బగాన్, మహమ్మదన్ స్పోర్టింగ్, మూడింటికీ వెనక కాపు కాశాడు. 1970 బ్యాంకాక్ ఏషియాడ్‌లో భారత కెప్టెన్ ఆయనే. కంచు పతకం కోసం జపాన్‌తో ఆడి 1-0తో గెలిచారు. అందరూ ఆ ఒకటిని చూస్తారు. నేను ఆ సున్నాను చూస్తాను. ఆ సున్నాను నిలబెట్టడానికి వెనక ఎన్ని కాళ్లు అడ్డం పడ్డాయో, ఎన్ని బూట్ల పక్కలు చిరిగాయో నాకు తోస్తూనే ఉంటుంది. ఏషియాడ్‌లో మన ఫుట్‌బాల్ జట్టుకు పతకం రావడం అదే చివరిసారి. ఆ ఏడే ఆయనకు అర్జున పురస్కారం వచ్చింది. ఆట మానాక శిక్షకుడై 1990లో ద్రోణాచార్య అందుకున్నాడు. వెనక నిలబడి ఆటంతా ఎదురుగా చూసినవాడికి నేర్పడం వస్తుంది మరి.

తాత పోయాడు. తండ్రి చేతి నుంచి ఈ మనవడి చేతికొచ్చాను. నగరం ఇటు పెరిగింది, మేమూ ఇటే వచ్చాం. 2024 నవంబర్ 18న దగ్గర్లోనే, గచ్చిబౌలి స్టేడియంలో భారత్, మలేషియా ఆడాయి. 1-1. మన గోల్ తలతో కొట్టింది రాహుల్ భేకే, డిఫెండర్. మర్నాడు పేపర్లో ఆ పేరు కనిపిస్తే నాకు జర్నైల్ గుర్తొచ్చాడు.

ఇప్పుడు రాత్రిళ్లు టర్ఫుల్లో దీపాలు వెలుగుతాయి, ఐదుగురేసి ఆడతారు. మొన్న సాయంత్రం ఒక పిల్లాడు వచ్చాడు. పదమూడేళ్లుంటాయేమో. చేతిలో పచ్చ బూటు, కుడికాలిది.

"అన్నా, ఇది కుడతారా? ఏడింటికి మ్యాచ్ ఉంది."

మనవడు బూటును నాకు తొడిగాడు. బయటివైపు చిరుగు మీద వేలు పెట్టాడు, అచ్చం తాతలాగే.

"ఎన్క ఆడ్తవా బిడ్డా?"

పిల్లాడు తలెత్తాడు. "మీకెట్ల తెలిసింది?"

మనవడు నవ్వి, ఆరెకు మైనం రాసిన దారం ఎక్కించాడు. మామూలుగా ఒక వరస కుట్టేచోట రెండు వరసలు కుట్టాడు.