పరుగంటే అదీ!

జాతీయ అంతర్‌ జిల్లాల జూనియర్‌ అథ్లెటిక్స్‌ పోటీలు 2019 నవంబరులో తిరుపతిలో జరిగాయి. విభాగాలు రెండు: 14 ఏళ్లలోపు, 16 ఏళ్లలోపు. వయసు పరీక్షలో 51 మంది దొరికిపోయారు. మరో 169 మంది పరీక్ష మాట వినగానే మైదానం నుంచి మాయమయ్యారు.

ఆ వేగానికి టైమింగ్‌ తీసిన నాథుడు లేడు. ట్రాక్‌ మీద పరుగుకు గీతలు, లేన్లు, తుపాకీ మోత కావాలి. ఈ పరుగుకు పరీక్ష పేరు చెబితే చాలింది. ఫాల్స్‌ స్టార్ట్‌ ఒక్కటీ లేదు.

వయసు తేల్చడానికి మణికట్టుకు ఎక్స్‌రే తీసి ఎముకల ఎదుగుదల చూస్తారు. గడ్డం, మీసం సంగతి వేరు. తిరుపతిలో అవి తీయించుకుంటే మొక్కు అనుకుంటారే తప్ప ఎవరూ అనుమానించరు. ఎముకకు ఆ సౌకర్యం లేదు. పుట్టినతేదీ కాగితానికి ఉంది: మనిషికి ఏటా ఒక ఏడు పెరుగుతుంది, పెద్దల దయ ఉంటే కాగితానికి రెండేళ్లు తగ్గుతాయి.

పారిపోయినవారిని వెంటపడి పట్టుకోవడం అధికారుల వల్ల అయ్యే పని కాదు. ఎంతైనా జిల్లా మొత్తం గాలించి ఏరి పంపిన పరుగువీరులు!